సిస్టరమ్మ పెట్టిన బంతి

మొన్న పొద్దున మిద్దె మీద కుండీలకు నీళ్లు పోస్తూ వాము మొక్కలో పండిపోయిన ఆకొకటి తుంచాను. చలికి బిరుసెక్కిన ఆ ఆకు వేళ్ల మధ్య నలిగి గుప్పున వాసన వచ్చింది. వాము ఆకు వాసన ఎవరికైనా బజ్జీలనో, జలుబు చేసిన పిల్లలనో గుర్తు చేస్తుంది. నాకు మాత్రం వెన్నలో మగ్గే ఉల్లిగడ్డ, ఎండలో ఆరబెట్టిన డబల్ రొట్టె గుర్తొచ్చాయి. వాటి వెంటే కార్బాలిక్ సబ్బు వాసన వేసే రెండు పొడవాటి చేతులు కళ్ల ముందు కదిలాయి. అవి సిస్టర్ సువార్తమ్మ చేతులు. ఆమెను ఎరిగినవాళ్లు ఇప్పుడు కరీంనగర్‌లో నాకు తెలిసి నేనొక్కదాన్నే. ఎరగనివాళ్లకు ఆమెను చూపించాలని చాలా ఏళ్లుగా అనుకుంటూనే ఉన్నాను. ఆ రోజు నీళ్ల చెంబు పక్కన పెట్టి వచ్చి, రాయడానికి కూర్చున్నాను.

లక్సెట్టిపేటకు అవతల, గోదావరికి దగ్గరగా, ఆ రోజుల్లో ఒక చిన్న మిషన్ దవాఖాన ఉండేది. పెంకులు కప్పిన రెండు వార్డులు, ఒక కాన్పుల గది, మందుల గది, వాటి ముందు పొడవాటి వరండా, కాస్త ఎడంగా డాక్టరు దొరసాని బంగళా. నర్సులందరికీ పెద్ద సువార్తమ్మ. అందరం సిస్టరమ్మ అనేవాళ్లం. మెదక్ దిక్కు పల్లెలో పుట్టి, కలరాలో తల్లినీ తండ్రినీ పోగొట్టుకుని, మిషన్ బోర్డింగులో పెరిగిన మనిషి. మగవాళ్లతో సమానమైన ఎత్తు. నీలం అంచు తెల్లచీర, గట్టిగా బిగించిన ముడి. ఆమె గొంతు పెంచడం నేను వినలేదు. వార్డులోకి అడుగు పెట్టిందంటే మూలుగుతున్న రోగి కూడా ఒక్క క్షణం ఆగి, నా వంతు ఎప్పుడా అన్నట్టు చూసేవాడు.

మాది బోథ్ దగ్గర పల్లె. జొన్న, పత్తి పండించుకునే ఇల్లు. మా అవ్వకు, అంటే అమ్మకు, కడుపులో గడ్డ లేచి ఊపిరాడని స్థితి వస్తే, మేనమామ ఊరు ఆ పక్కనే కాబట్టి బాపు అక్కడికి తీసుకొచ్చాడు. దొరసాని కోసి గడ్డ తీసింది. నెల రోజులు పుండు కడిగి కట్టు కట్టింది సిస్టరమ్మ. అవ్వ పక్కన కూర్చుని నేను పక్క మంచాల వాళ్లకు కూడా నీళ్లు తాగించడం, పక్క సర్దడం చూసి, ఒక రోజు అడిగింది.

"సదువుకున్నవా పిల్లా?"

"ఏడో తరగతి దాక."

"గీడనే ఉండి పని నేర్చుకుంటవా?"

నేను జవాబు చెప్పేలోగా బాపు లేచి నిలబడ్డాడు. "మా ఇంటి ఆడివిల్ల పరాయోళ్ల పుండ్లు కడుగుతదా అమ్మా? మంది ఏమంటరు?"

సిస్టరమ్మ కట్టు కట్టడం ఆపకుండానే అంది. "అన్నా, నీ ఇంటామె పుండు నేను కడుగుతున్న. నేను నీకు ఏం సుట్టాన్ని?"

బాపు మళ్లీ కూర్చున్నాడు. అవ్వ మంచం మీది నుంచి నా చెయ్యి పట్టుకుని సిస్టరమ్మ చేతిలో పెట్టింది. అట్లా నేను అక్కడ ఉండిపోయాను. కానీ బాపు మనసు ఒప్పుకోలేదు. చూడటానికి వచ్చినప్పుడల్లా గుడ్డలో జొన్నరొట్టెలు కట్టుకుని, తన చెంబు తనే తెచ్చుకునేవాడు. ఆ దవాఖానలో మెతుకు ముట్టేవాడు కాదు. వెళ్లేటప్పుడు ప్రతిసారీ ఒకటే మాట, "ఇగ సాలుగని, ఇంటికి రా బిడ్డా."

దవాఖాన పెరట్లో దొరసాని సీమకోళ్లను పెంచేది. దొరలు వాటిని టర్కీ అంటారు. మెడ కింద ఎర్రటి తోలు వేలాడేసుకుని, తోక విసనకర్రలాగా విప్పుకుని తిరుగుతుంటే రోగుల పిల్లలు జడుసుకునేవాళ్లు. క్రిస్మస్‌కు ఒక కోడిని కోసి, దాని కడుపులో డబల్ రొట్టెతో, అంటే బ్రెడ్డుతో, చేసిన మసాలా కూరి, బంగళాలోని ఇనుప పెట్టె పొయ్యిలో కాల్చేవాళ్లు. ఆ రొట్టె కలిపే పని ఏటేటా సిస్టరమ్మదే. దొరసాని దగ్గరే నేర్చుకుంది కానీ, దొరసాని కంటే బాగా చేస్తుందని బంగళాలో అందరూ ఒప్పుకునేవాళ్లు. అంతా అయ్యాక ఆమె చేతులు కడుక్కుని వరండాలోకి వచ్చి, మాతోపాటు బగారన్నం తినేది. బంగళా బల్ల దగ్గర నుంచి ఆమెను ఎవరూ పొమ్మనలేదు. రమ్మనీ అనలేదు.

మొదటి ఏడు నన్ను తోడు పిలిచింది. రొట్టెను కత్తితో కోయొద్దని, చేత్తో తుంచమని చెప్పింది. తుంచిన ముక్కలు ఎండలో గలగలమనేదాకా ఆరాలి. వెన్నలో ఉల్లిగడ్డ ఎర్రబడకుండా మెత్తబడాలి. దొరసాని దేశంలో ఏదో ఆకు వేస్తారట, అది మా దగ్గర దొరకదు కాబట్టి సిస్టరమ్మ వాము ఆకు సన్నగా తరిగి వేసేది. చివరికి కోడి మెడ, గుండెకాయ ఉడికించిన రసం. నేను గిన్నె ఎత్తి ఒక్కసారే పోయబోతే చెయ్యి పట్టుకుంది.

"ఆగు. ఆపరేషన్ అయినోనికి నీళ్లు ఎట్ల తాపుతవ్?"

"చెంచతోటి, కొంచెం కొంచెం."

"గిది గూడ గంతే. ఎండిపోయినదానికి ఒక్కసారి పోస్తే మింగలేదు. పొయ్యి, మూత వెట్టి, అది తాగేదాక ఆగు. మల్ల పొయ్యి."

తరువాత పిడికెడు తీసి నొక్కి చూపించింది. ముద్ద కట్టాలి, వేళ్ల సందున రసం కారకూడదు. ఆ రోజు నుంచి నేను వార్డులో నీళ్ల చెంచా పట్టుకున్నప్పుడు కూడా తొందరపడటం మానేశాను. ఆమె దగ్గర వంటకూ వైద్యానికీ వేరే వేరే పాఠాలుండేవి కావు.

నా నర్సు చదువు మూడో ఏట దొరసాని ముసలితనం మీద పడి వాళ్ల దేశం వెళ్లిపోయింది. చదువు ముగించి అప్పుడే వచ్చిన కుర్ర డాక్టరు సామ్యూలు, సిస్టరమ్మ, దవాఖాన నడపడానికి ఇద్దరే మిగిలారు. దొరలు లేకుండా ఇంత మారుమూల దవాఖాన నడుస్తుందా, మూసేసి మంచాలు వేరే ఊరికి తరలిస్తే మేలా అని మిషన్ కమిటీలో మాట నడుస్తోందని తెలిసింది. తేల్చుకోవడానికి ఇద్దరు మనుషులు వస్తున్నారని, క్రిస్మస్ విందు ఎప్పటిలాగే ఉంటుందని అనుకుంటున్నారని కబురు వచ్చింది. ఒకరు ముసలి పాస్టరు అయ్యగారు, ఇంకొకరు లెక్కలు చూసే దొర.

మందుల గది కాంపౌండరు ప్రభుదాసు బంగళా తాళాలు తెచ్చి బల్ల మీద పెట్టాడు. "బంగళల బల్ల తుడిపిస్త సిస్టరమ్మా. మీరు, డాక్టరు, అయ్యగారు, దొర. నాలుగు కుర్చీలు."

సిస్టరమ్మ తాళాలు తిరిగి అతని వైపు జరిపింది. "బల్ల వద్దు. వరండల జంపఖానాలు పరువుండ్రి. ఈ దవాఖానల పని చేసేటోళ్లందరు, నడవగలిగిన రోగులు, వాళ్లెంట వచ్చినోళ్లు, అందరు ఒక్క బంతిల కూసుంటరు."

"ఉన్నయి రెండే సీమకోళ్లు! ఎవలకని పెడ్తరు?"

"కోడి నోట్లెకు ఒక ముక్క వస్తది. రొట్టె మాత్రం కడుపు నిండ వెడ్త. కోడి కడుపులనే వండాలని ఏమన్న ఉన్నదా? గంజులల్ల వండుదం."

మందమర్రి బొగ్గుబాయి బజారులో ఒక సాయిబు బేకరీ నుంచి బస్సు మీద బుట్టలకొద్దీ రొట్టె వచ్చింది. ఉతికిన దుప్పట్లు పరిచి వరండా పొడుగునా ఆరబెట్టాం. నడవగలిగిన రోగులు కర్రలు పట్టుకుని పిచ్చుకలను తోలారు. నేనక్కడ ఉన్నన్నాళ్లలో ఆ వరండాలో అంత నవ్వు వినలేదు.

పండుగ ముందురోజు సాయంత్రం బాపు దిగాడు. ఈసారి ఉత్త చూపుకు రాలేదు. నిర్మల్ దిక్కు సంబంధం ఒకటి కుదిరింది, పిల్ల నర్సు పని మానేస్తేనే చేసుకుంటామన్నారట. "పండుగ కాంగనె నా ఎంట రావాలె" అన్నాడు. నేను సిస్టరమ్మ వైపు చూశాను. సిస్టరమ్మ అంతా విని, "నీ బిడ్డ, నీ ఇష్టం అన్నా. రేపటి దినం మాత్రం ఉండు" అంది, అంతే.

పండుగ పొద్దున ప్రార్థన అయ్యాక డాక్టరు జీపు తీసుకుని మంచిర్యాల స్టేషనుకు కమిటీ వాళ్ల కోసం వెళ్లాడు. కోళ్లు పొయ్యిలోకి ఎక్కాయి. సిస్టరమ్మ మణికట్ల దాకా రొట్టెలో చేతులు పెట్టి కలుపుతోంది. అప్పుడు గేటు దగ్గర ఎడ్ల బండి ఆగింది. గోదావరి అవతలి పల్లె నుంచి పడవలో దాటించి, ఇవతల బండి ఎక్కించి తెచ్చారు. రాత్రంతా నొప్పులు పడ్డ మనిషి. బండి వెంట నడిచొచ్చిన ఆమె మొగడు గేటు పట్టుకుని ఏడుస్తున్నాడు. "ఎదురుకాళ్లట అమ్మా, మంత్రసాని తోటి కాలే!"

సిస్టరమ్మ చేతులు దులుపుకుని నా వైపు తిరిగింది. "రాజమ్మా, సబ్బు తియ్యి. నువ్వు నా ఎంట రా."

"మరి ఇదంతా ఎట్ల సిస్టరమ్మా?"

ఆమె ఒకసారి చుట్టూ చూసింది. మిగిలిన నర్సులు వార్డుల్లో ఉన్నారు. పెరటి గోడ దగ్గర చీపురు పట్టుకుని లచ్చవ్వ నిలబడి ఉంది. వార్డులూ పాయిఖానాలూ కడిగే లచ్చవ్వ. వంటింటి గడప ఆమె ఎన్నడూ తొక్కలేదు, తొక్కాలని ఎవరూ అనుకోలేదు.

"లచ్చవ్వా, చేతులు కడుక్కోని రా."

ప్రభుదాసు దగ్గరికొచ్చి గొంతు తగ్గించాడు. "ఆమె చెయ్యి వెట్టినంక కమిటోళ్ల ముచ్చట దేవుడెరుగు, మనోళ్లే ముట్టరు."

"కాన్పు గదిల నెత్తురు రోజు కడిగేది ఆ చెయ్యే. ఆ చెయ్యి మంచిది గాదంటే, ఈ దవాఖానల మంచి చెయ్యి ఒక్కటి లేదు" అంది సిస్టరమ్మ. లచ్చవ్వ పిడికిట్లో రొట్టె పెట్టి, తన చేత్తో మూసి నొక్కింది. "గిట్ల ముద్ద కట్టాలె. నీళ్లు కారద్దు. ఎండినట్టు కొడితే జరంత రసం పొయ్యి, మూత వెట్టు, మూత మీద నిప్పులెయ్యి. నేనచ్చేదాక నీదే భారం."

కాన్పు గదిలో ఎంతసేపు గడిచిందో నాకు తెలియదు. బిడ్డ కాళ్లు ముందు వచ్చాయి. నేను తల్లి భుజాలు పట్టుకున్నాను. ఆమెకు నా వయసే ఉంటుంది. నా చేతిని ఎంత గట్టిగా పట్టుకుందంటే గోళ్లు దిగాయి. లాగేయాలని నా ప్రాణం కొట్టుకుంటుంటే, సిస్టరమ్మ చేతులు ఎక్కడ ఆగాలో అక్కడ ఆగుతున్నాయి. "నాకు తొందర లేదు బిడ్డా, నీకు గూడ వద్దు. నొప్పి వచ్చినప్పుడే బలం వెట్టు" అని తల్లితో మెల్లగా మాట్లాడుతూనే ఉంది. మధ్యలో జీపు చప్పుడైంది. డాక్టరు చేతులు కడుక్కుని పరుగున వచ్చి, ఒక్క చూపు చూసి పక్కన నిలబడ్డాడు. "మీరే కానియ్యండి సిస్టరమ్మా, నేను అందిస్త" అన్నాడు. తల బయటపడే సమయానికి బిడ్డ నీలంగా, మెత్తగా, ఏ కదలికా లేకుండా వచ్చింది. సిస్టరమ్మ నోరు తుడిచి, తన నోటితో మెల్లగా ఊపిరి ఊదింది. నన్ను వీపు రుద్దమంది. రుద్దాను. ఇంకా రుద్దాను. నా అరచేయి కింద ఆ చిన్న పక్కటెముకలు ఒక్కసారి ఎగిశాయి. పిల్లి కూనలాంటి ఒక కూత, తరువాత గది పగిలే ఏడుపు.

అంతలో తల్లికి రక్తస్రావం పెరిగింది. సిస్టరమ్మ నా చేతిని తల్లి పొత్తికడుపు మీద పెట్టి నొక్కించింది. డాక్టరు సూది సిద్ధం చేశాడు. "నీ చేతిలనే ఉన్నది రాజమ్మా. గట్టివడేదాక ఇడువకు." నేను విడవలేదు. కాసేపటికి నా చేతి కింద గర్భసంచి రాయిలా గట్టిపడింది. రక్తం ఆగింది. సిస్టరమ్మ నా ముఖం వైపు చూసి తల ఊపింది. జీవితంలో నాకు వచ్చిన పతకాలన్నీ ఆ తల ఊపు తరువాతివే.

తలుపు తెరిస్తే ముసలి అయ్యగారు అక్కడే ముక్కాలిపీట మీద కూర్చుని ఉన్నారు. ఏడుపు విన్నారు కాబోలు, కళ్లు తడిగా ఉన్నాయి. పొద్దు వాలిపోతోంది. విందు మాట అప్పుడు గుర్తొచ్చింది నాకు. ఇంతసేపటికి రొట్టె మాడి పెంకు అయి ఉంటుందని పెరట్లోకి పరుగెత్తాను.

పెరట్లో మూడు పెద్ద గంజులు వరసగా ఉన్నాయి, మూతల మీద నిప్పులు. లచ్చవ్వ ఒక దాని మూత తీసి పిడికెడు నొక్కి చూస్తోంది. ఆమె ఎదురుగా, రుమాలు తీసి భుజాన వేసుకుని, ఊదుగొట్టంతో పొయ్యి ఊదుతున్నది మా బాపు!

జరిగింది బాపే చెప్పాడు. పొద్దున ఊరికే అరుగు మీద కూర్చుని ఉంటే, రెండు చేతులా పని ఉన్న లచ్చవ్వ, "పటేలా, జర గా కట్టె లోపటికి దొబ్బు" అందట. తోశాడు. తరువాత ఇంకో కట్టె. ఆమె రొట్టె నొక్కి చూడటం గమనించి, ఉండబట్టలేక అడిగాడట. "ఏందే అది, పదను జూస్తున్నవా?"

"అవు పటేలా, సిస్టరమ్మ గిట్లనే చూడుమన్నది."

విత్తనం వేసేముందు దుక్కిలో మట్టి పిడికిట పట్టి తడి పదను చూడటం బాపుకు పుట్టుకతో వచ్చిన విద్య. ఇక ఆగలేదు. మంట ఎక్కడ తగ్గించాలో తను, రసం ఎప్పుడు పోయాలో ఆమె, ఇద్దరూ పోటీ పడి కాపలా కాశారు. మధ్యలో ఆకలేసి దొర వచ్చి మూత వైపు చూస్తే, లచ్చవ్వ లేచి అడ్డం నిలబడి, "సిస్టరమ్మ రాంది మూత తియ్య" అందట. ఆయనకు అర్థమైందో లేదో, తలూపి వెళ్లిపోయాడట.

వరండా పొడుగునా జంపఖానాలు, మోదుగాకు విస్తళ్లు. దొర బూట్లు విప్పి, మోకాళ్లు పట్టుకుని ఎట్లాగో కింద కూర్చున్నాడు. సిస్టరమ్మ లచ్చవ్వను చెయ్యి పట్టుకుని తెచ్చి అయ్యగారికీ దొరకూ మధ్య కూర్చోబెట్టింది. లచ్చవ్వ తల ఎత్తలేదు. సిస్టరమ్మే చీర కొంగు దోపుకుని వడ్డించింది. ఒక్కో విస్తట్లో చిన్న కోడి ముక్క, పక్కన గరిటెడు రొట్టె. పైన బంగారు రంగు, లోపల వెన్నలాగా మెత్తగా, ఆవిరి లేస్తూ. అయ్యగారు ప్రార్థన చేశారు. ఆమెన్ అన్నాక ఒక్క చెయ్యీ విస్తట్లోకి వెళ్లలేదు. వండింది ఎవరో అందరికీ తెలుసు. ప్రభుదాసు విస్తరి అంచు సవరిస్తున్నాడు. లచ్చవ్వ చేతులు కొంగులో దాచుకుంది.

స్తంభం పక్కన నిలబడి ఉన్న బాపు వచ్చి లచ్చవ్వకు ఎదురుగా కూర్చున్నాడు. "నాకు గూడ ఒక ఇస్తరి వెయ్యి చెల్లే" అన్నాడు సిస్టరమ్మతో. ప్రభుదాసు ఆశ్చర్యంగా చూశాడు. "మీరు ఈడ తినరు గద పటేలా?"

"పొద్దుగాల్నుంచి పొయ్యి నేనే పెట్టిన. నేను పెట్టిన పొయ్యి మీద ఉడికింది నేనే తినకపోతే ఎట్ల?"

కోడిని పక్కకు జరిపి, రొట్టె ముద్ద నోట్లో పెట్టుకున్నాడు. అందరం ఆయన దవడల వంకే చూస్తున్నాం. "ఉప్మ లెక్కనే ఉన్నదిగని, మస్తుగున్నదే లచ్చవ్వా! పదను మంచిగ కుదిరింది" అన్నాడు. ఎవరో నవ్వారు. ఆ నవ్వు బంతి చివరిదాకా పాకింది. చేతులు విస్తళ్లలోకి వెళ్లాయి. ప్రభుదాసు చెయ్యి కూడా. పసిబిడ్డ తండ్రి ముద్ద ముద్దకూ కళ్లు తుడుచుకుంటూ తిన్నాడు. దొర విస్తరి ఖాళీ చేసి, వచ్చిన ఒకటి రెండు తెలుగు మాటల్లో, "ఇంకా ఉందా?" అని లచ్చవ్వనే అడిగాడు. ఆమె అప్పుడు తల ఎత్తింది. "శానున్నది దొరా, తిను" అంది.

అందరికీ అయ్యాక సిస్టరమ్మ తన విస్తరి వేసుకుని బంతిలో కూర్చుంది. ఎన్నో ఏళ్లు తన చేత్తో కలిపిన ఆ వంటకాన్ని ఆమె పండుగ భోజనంగా నలుగురితో కూర్చుని తినడం నేను చూసింది అదే మొదలు. చేతులు కడుక్కుంటూ అయ్యగారు ఆమెతో అన్నారు. "ఈ దవాఖాన నడుస్తుందా అని చూడటానికి వచ్చాం అమ్మా. అది నడుస్తూనే ఉంది. మేమే తెలుసుకోలేదు." వేసవి రాకముందే దవాఖాన బాధ్యతంతా సిస్టరమ్మకూ డాక్టరుకూ అప్పగించారు. ఆ తరువాత చాలా ఏళ్లు అది చుట్టుపక్కల పల్లెల ప్రాణాలు కాపాడింది.

మర్నాడు బాపు మూట కట్టుకున్నాడు. నేను నా పెట్టె తెచ్చి వరండాలో పెట్టాను. ఆయన దాని వైపు చూసి, కాన్పు గది కిటికీలోంచి పసివాడికి పాలిస్తున్న ఆ తల్లిని చూసి, చెప్పులు తొడుక్కున్నాడు.

"పెట్టె లోపట పెట్టుకో. నిర్మలోళ్లకు నేను చెప్పుకుంట."

"ఏమని చెప్తవ్ బాపూ?"

"నా బిడ్డకు పనున్నదని చెప్త."

తరువాత నేను చదువు ముగించాను, సర్కారు దవాఖానల్లో పని చేశాను, ఆదిలాబాద్ నుంచి కరీంనగర్ దాకా ఎందరో ఆడపిల్లలకు పని నేర్పాను. నా పనిని గౌరవించిన మనిషినే పెళ్లి చేసుకున్నాను. సిస్టరమ్మ ఆ దవాఖానలోనే ముసలిదై, అక్కడే కన్నుమూసింది. చివరి చూపుకు వెళ్లినప్పుడు గోదావరి రెండు ఒడ్ల నుంచీ జనం వచ్చారు. ఆ పండుగనాడు పుట్టిన పిల్లవాడు మీసాలొచ్చిన మనిషై పాడె మోశాడు.

ఈ మధ్య మా మనవరాలి కాన్పుకు తోడుగా దవాఖానలో కూర్చుని ఉంటే, అక్కడి పెద్ద నర్సు నన్ను గుర్తుపట్టింది. నా దగ్గర నేర్చుకున్న పిల్లే, ఇప్పుడు జుట్టు నెరిసింది. తన కింది అమ్మాయిలను పిలిచి గర్వంగా చెప్పింది. "గీమె మా రాజమ్మ మేడం. నేను గీమె దగ్గర్నే పని నేర్చుకున్న."

"గట్ల సగం చెప్పద్దు బిడ్డా, మొత్తం చెప్పు" అన్నాను.

ఆమె నవ్వి, నిటారుగా నిలబడి, నేను ఒకప్పుడు నేర్పినట్టే చెప్పింది. "సువార్తమ్మ దగ్గర నేర్చుకున్న రాజమ్మ దగ్గర నేర్చుకున్న."